రాహేలమ్మ పేరు పక్కన నేను నొక్కిన కారణం

ఆరేళ్ళుగా ఒక మాటను నాలోనే పెట్టుకుని తిరుగుతున్నాను. దాన్ని నేను కాగితం మీద రాయలేదు, నోటితో అనలేదు. తెర మీద కనబడిన ఐదు కారణాల్లోంచి ఒకదాన్ని వేలితో నొక్కాను, అంతే. అయినా దాని బరువు తగ్గలేదు. ఇది చదివే మీరెవరో నాకు తెలియదు. తెలియకపోవడమే నయం. తెలిసినవాళ్ళకు చెబితే నా తరఫున ఏదో ఒక సాకు వెతికిపెడతారు. సాకులు నా దగ్గరే చాలా ఉన్నాయి.

కంప్యూటర్ల డిప్లొమా పూర్తయ్యాక నల్లపాడు అవతల మా ఊళ్ళోనే పింఛన్లు పంచే పని దొరికింది. నెల మొదట్లో ఇంటింటికీ వెళ్ళాలి. ముసలివాళ్ళ వేలిని పరికరం అద్దం మీద పెట్టించాలి. ముద్ర సరిపోలితే డబ్బు చేతిలో పెట్టాలి. నా కింద నలభై ఎనిమిది పేర్లు ఉండేవి. ఒక్కో పేరు పక్కన ఆకుపచ్చ గుర్తు పడుతుంటే నాకు లోపల ఏదో సర్దుకున్నట్టుండేది. చిన్నప్పటి నుంచీ అంతే. జాబితాలో ఒక్క గడి ఖాళీగా ఉన్నా అన్నం సయించదు. దీన్ని మంచి గుణమనే అనుకునేవాణ్ణి.

మా వైపు ఈ పనిలో ఒక చిక్కుంది. మిరప కోతలు మొదలైతే ఆడవాళ్ళు కల్లాల్లోనూ కోల్డు స్టోరేజీల్లోనూ కూర్చుని కాయల తొడిమలు తీస్తారు. ఏళ్ళ తరబడి ఆ పని చేసిన వేళ్ళకు గీతలు మిగలవు. అద్దానికి కూడా ఘాటు అంటుకుంటుంది. ఒకసారి అద్దం తుడిచిన చేత్తోనే కన్ను నలుపుకుని, వీధిలోనే చతికిలబడ్డాను. అందుకని ముద్రలు పడేందుకు నాకు నేనే ఒక వరుస రాసుకున్నాను. మొదట గోరువెచ్చటి నీళ్ళు. తర్వాత చింతపండు. పొడిగుడ్డ. తల నూనె కాస్త. అప్పటికీ పడకపోతే పది వేళ్ళూ వరసగా.

రాహేలమ్మకు డెబ్బై దాటాయి. చర్చి వెనక ఒంటిగది. పక్కనే కొడుకు ఇల్లు. పింఛను రావడం మొదలయ్యాక ఆమె విడిగా పొయ్యి పెట్టుకుంది. ఎవరు పలకరించినా ముందు ఆ సంగతే చెప్పేది. ఆకలైనప్పుడు వండుకుంటుందట, ఎవరి గిన్నె వైపూ చూడదట. ప్రతి నెలా ఆమెకు ఎడమచేతి ఉంగరపు వేలు ఒక్కటే పలికేది. ఆ నెల పక్కింటివాళ్ళ కల్లంలో మనుషులు తక్కువైతే నాలుగు రోజులు సాయం వెళ్ళింది. ఆ వేలి గీతలు కూడా అరిగిపోయాయి.

పొద్దున ఒకసారి, మధ్యాహ్నం ఒకసారి ప్రయత్నించాను. సాయంత్రం అయిదు కావస్తుండగా మళ్ళీ వెళ్ళాను. నా జాబితాలో నలభై ఏడు ఆకుపచ్చగా ఉన్నాయి. మర్నాడు మండల ఆఫీసు సమావేశంలో జాబితా పూర్తి చేసినవాళ్ళ పేర్లు చదువుతారు. నా పేరు అంతవరకూ ఒక్కసారీ చదవలేదు.

పది వేళ్ళూ అయ్యాయి. పడలేదు.

ఆమె నవ్వింది. "మా పాస్టరుగారేమో దేవుడు నా తలమీద వెంట్రుకలు కూడా లెక్కపెట్టుకుంటాడంటాడు. నీ మిషనుకేమో ఎదురుగా ఇంత మనిషిని నిలబడ్డా కంటికి ఆనను! కళ్ళజోడు కొనిపెట్టు బాబూ దానికి."

నేనూ నవ్వాననుకుంటాను. డబ్బు ఇవ్వలేకపోతే ఎందుకో పరికరం అడుగుతుంది. చనిపోయారు. శాశ్వతంగా వలస వెళ్ళారు. తాత్కాలికంగా ఊళ్ళో లేరు. తీసుకోవడానికి నిరాకరించారు. వేలిముద్ర పడలేదు. నిజం చిట్టచివర ఉంది. దాన్ని నొక్కితే ఆ పేరు పెండింగులో ఉంటుంది, అధికారి స్వయంగా వచ్చి మనిషిని చూసి సంతకం పెట్టేదాకా నా జాబితా మూసుకోదు. రెండోది నొక్కితే మూసుకుంటుంది.

రెండోది నొక్కాను.

వచ్చే నెల సరిచేయవచ్చని ఆ క్షణంలో అనుకున్నానా? లేక అలా అనుకున్నానని తర్వాత నాకు నేనే చెప్పుకున్నానా? ఎన్నిసార్లు తవ్వినా తేలడం లేదు. మర్నాడు నా పేరు చదివారని, నలుగురూ చప్పట్లు కొట్టారని, ఆ చప్పుడు నాకు బాగుందని మాత్రం స్పష్టంగా గుర్తుంది.

తర్వాతి నెల జాబితాలో నలభై ఏడు పేర్లే వచ్చాయి. ఆమె వాకిట్లోనే ఎదురుచూస్తోంది.

"నా దగ్గర ఆగలేదేం బాబూ?"

"పైనుంచే ఆపేశారు మామ్మా."

"ఎందుకంటా?"

"తెలీదండీ. కనుక్కుంటాను."

"పైవాళ్ళు ఆపితే నువ్వేం చేస్తావులే నాయనా. ఎండనబడి వచ్చావు, మంచినీళ్ళు తాగిపో."

తాగాను.

అసలు తప్పు ఏదని నన్నడిగితే, ఆ నొక్కడం కాదు. అది ఒక్క క్షణం. సరిచేయడానికి రెండు దారులున్నాయి. ఒకటి, పొరపాటు నాదేనని ఒక్క వాక్యం రాసిస్తే మరుసటి నెలకే పింఛను తిరిగొచ్చేది. రెండోది, కొత్తగా దరఖాస్తు పెట్టడం. అందులో నా పేరుండదు. కానీ విచారణలు, సంతకాలు, మంజూరు, అన్నీ మొదటినుంచీ జరగాలి. నేను రెండో దారి పట్టాను. ఎనిమిది నెలలు పట్టింది. ఒక్క వాక్యం రాయలేక ఒక మనిషి బతుకులోంచి ఎనిమిది నెలలు తీసుకున్నాను.

మూడో నెలకు ఆమె పొయ్యి ఆరింది. గిన్నెలు కడిగి అరుగు మీద బోర్లించి పెట్టింది. కొడుకు ఇంట్లో తినడం మొదలుపెట్టింది. కోడలు చెడ్డదేం కాదు. పనికి పోయివచ్చి, అలిసిపోయి, వీలైనప్పుడు పెట్టేది. ఈమె అడిగేది కాదు. తర్వాత ఆటోలో మిగతా ఆడవాళ్ళతో కలిసి కోల్డు స్టోరేజీకి తొడిమలు తీయడానికి వెళ్ళసాగింది. ఆ ఘాటు పడకే ఎప్పుడో మానేసిన కూలిపని అది. వీధి మలుపు తిరిగేలోపే ఆమె దగ్గు వినబడేది. నేను తిరిగే వరుసలో ఆ వీధిని చివరికి మార్చుకున్నాను. ఇంతకంటే నా గురించి చెప్పేదేముంది?

పింఛను మళ్ళీ వచ్చిన రోజున ఆమెకు ఏ వేలు పలికిందో గుర్తులేదు. మర్నాడు మా ఇంటికి వచ్చింది. చేతిలో గుడ్డసంచీ. అందులో రెండు కిలోల తాలుకాయలు. రంగు పోయి, ధర పలకని మిరపకాయలు. కూలీతోపాటు అడిగి తెచ్చుకున్నవట.

"మీ అమ్మకియ్యి. నువ్వు కాళ్ళరిగేలా తిరగబట్టే వచ్చింది. మా వాడు కూడా నాకోసం ఇంత తిరగలా."

అప్పుడైనా చెప్పవచ్చు. నోటిదాకా వచ్చింది. మా అమ్మ వంటింట్లోంచి వచ్చి సంచీ అందుకుంది. ఆ కాయలతో కారం కొట్టింది. ఆ కారం అయిపోయేదాకా నేను రోజూ అన్నం తిన్నాను.

రాహేలమ్మ మళ్ళీ పొయ్యి వెలిగించుకుంది. రెండేళ్ళు వండుకుంది. తర్వాత పోయింది. ఆ దగ్గుకు నేనే కారణమని చెప్పలేను. కాదనీ చెప్పలేను. అప్పటికి నేను మంగళగిరిలో ఆఫీసు ఉద్యోగానికి వచ్చేశాను. ఆమె పేరు పక్కన మొదటి కారణాన్ని నా తర్వాత వచ్చినవాళ్ళెవరో నొక్కి ఉంటారు. వాళ్ళు నొక్కింది నిజం.

పోయిన వారం ఆఫీసులో ఒక ఫారానికి కారణాల జాబితా తయారుచేయమన్నారు. నాకు ఇష్టమైన పనే. రెండు టైపు చేశాక వేళ్ళు ఆగిపోయాయి. అందుకే ఇది రాస్తున్నాను. క్షమించమని అడగడం లేదు, క్షమించగల మనిషి లేదు. కొడుకు ఉన్నాడు. అతనికి చెప్పే ధైర్యం ఇంకా రాలేదు. ఆరేళ్ళ కిందట ఒక్క వాక్యం రాయాల్సింది. ఇప్పుడు రాస్తున్నాను.

ఆ సాయంత్రం రాహేలమ్మ ఎక్కడికీ వలస వెళ్ళలేదు. నేను నొక్కుతున్నప్పుడు నాకు మూరెడు దూరంలో, పైట చెంగుతో వేళ్ళు తుడుచుకుంటూ నిలబడి ఉంది.