అమ్మాజీ గాలిజిగురు

అమ్మాజీకి ఆ జిగురు తొంభై ఏడు వేసవిలో దొరికింది. రాజోలు దగ్గర లంకలో, కొబ్బరి పీచు నానబెట్టే ఉప్పునీటి గుంట అడుగున తడుముతుంటే నిద్రపోతున్న పిల్లికూన కడుపులా మెత్తగా తగిలింది. పైకి తీసి గట్టున ఉన్న రాయికి రాసింది. రాయిని ఎత్తితే చేతిలో ఏమీ లేనట్టుంది. వదిలేసింది. రాయి కింద పడలేదు. పైకీ పోలేదు. మోకాలెత్తున, గాలిలో, తనకు తొందరేమీ లేదన్నట్టు నిలబడిపోయింది.

ఆమెకు వెంటనే ఇల్లు గుర్తొచ్చింది.

తాటాకు కప్పు, తడిక గోడలు, నాలుగు మూలలా నాలుగు తాటి రాటలు. పల్లంలో ఇల్లు. ఏటా వానాకాలం మురుగుకాలువ నిండితే నీళ్లు గుమ్మం దాటి వచ్చి పొయ్యిలో కూర్చునేవి. కిందటేడు తుపానుకైతే మంచం పట్టె దాకా వచ్చాయి. కాలువ గట్టుకు అవతల మెరకలో వాళ్లకు చిన్న చోటుంది. నాలుగు రాటలకూ ఈ జిగురు రాసి, వానలు పడేలోపు ఇంటిని ఇల్లుగానే ఎత్తుకుపోయి అక్కడ దించుకుంటే చాలు. జన్మలో ఇక నీళ్లు తోడక్కర్లేదు.

కుండలోకి ఎత్తి చూసింది. నాలుగు రాటలకు సరిపోతుంది. ఎవరికీ చెప్పకుండా ఉంటే చాలు. కానీ గాలిలో నిలబడ్డ రాయిని ఎక్కడ దాస్తారు?

మర్నాడే గుమ్మంలో కొబ్బరిచిప్పతో సూర్యకుమారి నిలబడింది.

"వదినగారండీ, ఒక్క చిప్పెడండీ. ఎల్లుండి కువైట్ ఎళ్తన్నానండి. పెట్టెనిండా మాగాయి జాడీలేనండి. బరువెక్కువైతే ఇమానం ఎక్కనివ్వరంటండి."

కాదనాలి. ఆ మాట నాలుక చివరే ఉంది. కానీ గుమ్మంలోకి వచ్చి అండీ అన్నవాళ్లను కాదనడం ఆ లంకలో ఎవరూ ఎవరికీ నేర్పలేదు.

"ఆయ్, దానికేవుందండీ. తీసుకోండి" అంది అమ్మాజీ, పళ్లు బిగపట్టి.

ఆ తర్వాత వరస ఆగలేదు. నడుం వంగడం లేదని ఒకావిడ రుబ్బురోలును నడుమెత్తున గాలిలో నిలబెట్టుకుంది. చెట్లెక్కి కొబ్బరి దింపు తీసేవాళ్లు గెలలకు రాసి, కోసి, చెట్టు పక్కనే వదిలేశారు. చిన్న చిన్న పచ్చటి మబ్బుల్లా కొబ్బరి గెలలు తోటనిండా వేలాడాయి. జనం తల వంచుకుని నడవాల్సి వచ్చింది. పెళ్లివారు పప్పుచారు గుండిగకు రాసుకుని, పందిట్లో అడ్డంగా వదిలేసి వెళ్లారు.

"లేదని చెప్పలేవా?" అన్నాడు మొగుడు పోలిరాజు.

"నువ్వు చెప్పలేకపోయావా? నిన్న మేష్టారొస్తే కుర్చీ ఏసి, కాఫీ ఇచ్చి, చిప్ప నిండా పెట్టి పంపిందెవరంటా?"

పోలిరాజు తువ్వాలు దులుపుకుని బయటికి నడిచాడు.

పడమట మబ్బు లేచిన రోజు అమ్మాజీ కుండ అడుగు గీకింది. మూడు రాటలకే వచ్చింది. ఆమె వీధి మధ్యకు వచ్చి నిలబడింది.

"జిగురు పట్టికెళ్లిన మారాజులందరూ దయచెయ్యండి! నాలుగో మూలకి మీ బుజాలే జిగురండి!"

అందరూ వచ్చారు. రాకపోవడమూ ఆ ఊరికి తెలియదు. రాటల మొదళ్లు తవ్వారు. ఇల్లు లేచింది. మూడు మూలలు ఊపిరి పీల్చినంత తేలిగ్గా, నాలుగోది మూలుగుతూ. ఇన్నేళ్ల పొగ పట్టిన కప్పులోంచి పిచ్చుకలు చెదిరిపోయాయి. ఇల్లున్నచోట తడినేల మొదటిసారి ఆకాశాన్ని చూసింది. ఒక్క క్షణం అమ్మాజీ విసుగంతా మరిచిపోయింది.

గట్టు ఎక్కారో లేదో, సుబ్రహ్మణ్యేశ్వరరావు మేష్టారు చెయ్యెత్తారు.

"ఆగండాగండి. ఇలాగే దించితే గుమ్మం దక్షిణానికొస్తదండి. తూర్పుకి తిప్పాలి. తిప్పడానికి మెరకలో చోటు చాలదు, ఇక్కడే తిప్పండి."

తిప్పారు. కొంచెం ఈశాన్యానికి జరిగిందన్నారు ఒకరు. అది మంచిదేనన్నారు ఇంకొకరు. ఇల్లు భుజాన పెట్టుకునే చర్చ మొదలైంది.

"మేష్టారూ, మబ్బు నెత్తిమీదుందండీ! గుమ్మం పాతాళానికున్నా నాకు పర్లేదండి, నడవండి!"

"తొందరపడకమ్మా. ఇల్లన్నాక వందేళ్ల మాట."

వాన పడింది. ఉప్పునీటిలో పుట్టిన జిగురు వాననీటికి ఆగదని అప్పటిదాకా ఎవరికీ తెలియదు. రాటల వెంట తెల్లటి దారాలుగా కారిపోయింది. పోయిన బరువంతా ఒక్కసారే తిరిగొచ్చింది. మోసేవాళ్లు పక్కకు దూకారు. ఇల్లు గట్టు మీద అడ్డంగా, కచ్చితంగా తూర్పు ముఖంగా కూర్చుండిపోయింది.

"చూశావా, సరిగ్గా కుదిరింది" అన్నారు మేష్టారు.

ఆ ఏడు కాలువ పొంగింది. నీళ్లు ఇంటి దరిదాపులకు రాలేదు. కానీ రాజోలు బస్సెక్కాలంటే ఊరికి ఆ గట్టే దారి. ఇటు కాలువ, అటు బురద. తూర్పు గుమ్మంలోంచి ఎక్కి, పడమటి గుమ్మంలోంచి దిగాలి. రెండువేల ఐదులోనూ ఇంకా అలాగే వెళ్తున్నారు. కాలేజీ పిల్లలు, చేపల బుట్టలు, ఒక్కోసారి పెళ్లి బాజాలు.

"అమ్మాజీగారూ, ఒక్కసారి ఇలా ఎళ్తామండీ... కూరేంటండీ ఇయ్యాళ?"

"ఆయ్, ఎళ్లండి. ముందు ఆ సైకిలు నా చాప మీంచి తియ్యండి, కూర సంగతి తర్వాత చెప్తాను!"