నోరు కట్టుకున్న మొక్కు

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. మిగతా ఊళ్ళ సంగతి నాకు తెలీదు గానీ, రాజాం దగ్గర మా తమ్ముడి ఊళ్ళో మా మరదలి నోటికి మించిన నోరు ఇంకొకటి లేదు. ఆ నోటికి తాళం వేసి, పైగా చప్పట్లు కూడా కొట్టారు. ఆ కోపం నాకు ఇప్పటికీ దిగలేదు. దిగాలని కూడా నాకేం లేదు.

మా మరదలు ఐదో తరగతితో బడి మానేసింది. మానేసిందేటి, మాన్పించేశారు. చంటి చెల్లెల్ని ఎత్తుకోడానికి ఇంట్లో ఒక ఆడపిల్ల ఉండాలని. అక్షరాలు చాలామట్టుకు అక్కడే వదిలేసి వచ్చింది గానీ మాటలు మాత్రం ఎక్కడా వదల్లేదు. గేదెని కడుగుతూ గేదెతో మాట్లాడుతుంది. అన్నం పొంగితే కుండని తిడుతుంది. నన్ను చూడగానే, "ఓలమ్మో వదినా, మీ బడికి సెలవిచ్చినారా, మిమ్మల్నే బడి నుంచి తోలేసినారా?" అని గుమ్మంలోనే మొదలెడుతుంది. కోపం వచ్చి వెళ్ళినవాళ్ళు కూడా నవ్వుకుంటూ తిరిగొస్తారు.

లేకలేక పుట్టిన మా మేనకోడలు ఆ మాటల్లోనే పెరిగింది. నాట్లప్పుడు గట్టు మీద గోనె పరిచి పిల్లని కూర్చోబెట్టేది. నడుం వంచి నాటుతూనే, "అల్లదుగోనే కొంగ, సూసినావా, అచ్చం మీ అయ్యలాగే, ఒంటికాలి మీద నిలబడీసి ఏటి పని సేస్తన్నాదో!" అనేది. ఆ గుంట ఊరుకునేదా! "అయ్య ఊరికే ఉన్నాడు, కొంగ సేప కోసం ఉన్నాదే" అనేది. నాట్లేసే ఆడవాళ్ళంతా బురదలో నిలబడి పగలబడి నవ్వేవాళ్ళు. మూడేళ్ళు కూడా సరిగ్గా నిండని పిల్ల చూసింది చెప్పేది, చూడనిది అడిగేది, మనం తప్పు చెప్తే దిద్దేది.

నేను చీపురుపల్లి దగ్గర ఒక సర్కారు బడిలో ఒకటో తరగతికి చెప్తాను. అ ఆలు దిద్దించడమే నా పని, ఎన్నో ఏళ్ళ నుంచి. ఇంట్లో వాగుడుకాయలుగా పెరిగి వచ్చిన గుంటలకి అక్షరం చెప్పడం పెద్ద కష్టం కాదు. అప్పటికే వాళ్ళ దగ్గర బోలెడంత సరుకు ఉంటుంది, అక్షరం అనే సంచి ఇస్తే వాళ్ళే సర్దుకుంటారు. నోట్లో మాట లేని పిల్లకి అక్షరం నేర్పితే, సంచి ఉంటుంది, అందులో ఏమీ ఉండదు. ఇది తెలుసుకోడానికి పెద్ద చదువులు అక్కర్లేదు, ఒకటో తరగతి గదిలో కూర్చుంటే చాలు.

పిల్లని రాజాంలో ఇంగ్లీషు మీడియం బడిలో వేశాడు మా తమ్ముడు. పొద్దున్నే పసుపుపచ్చ బస్సు రోడ్డు మీదకి వచ్చి హారన్ కొడుతుంది. టై కట్టారు, బూట్లు తొడిగారు, బానే ఉంది. కొన్నాళ్ళకి తల్లిదండ్రుల్ని రమ్మని కబురొచ్చింది. "అప్పా, నువ్వూ రా. నువ్వు టీచరమ్మవి, ఆల్లతో మాటాడ్డం నీకు తెలస్తాది" అని నన్నూ లాక్కెళ్ళాడు.

అక్కడి మేడమ్‌కి నా కూతురి వయసు ఉంటుందేమో. నవ్వుతూనే మొదలెట్టింది. "పాప చాలా బ్రైట్ అండీ. కానీ ఏటి, ఎల్తన్నాను, సేస్తన్నాను... క్లాసంతా నవ్వుతున్నారు. ఇంట్లో ఎవరండీ ఇలా మాట్లాడేది?"

"నానేనండి" అంది మా మరదలు. ఏదో బహుమతి ఇస్తారని పేరు అడిగినట్టు, చెయ్యి కూడా ఎత్తింది.

మేడమ్ నవ్వు ఆపుకుంది. "చూడండమ్మా, ఇంట్లో ఇంగ్లీషు మాట్లాడండి. లేదంటే మంచి తెలుగు మాట్లాడండి. రెండూ రావంటే, అసలు మాట్లాడకుండా ఉన్నా నయమే. మేం పగలంతా కట్టింది మీరు సాయంత్రం కూల్చేస్తున్నారు."

నాకు ఒళ్ళు మండిపోయింది. "తల్లి మాటాడకపోతే పిల్లకి మాట ఎక్కడినుంచి వస్తాదమ్మా, ఆకాశం నుంచి ఊడిపడుతుందా?" అన్నాను. మేడమ్ నా వైపు జాలిగా చూసింది. "మీది గవర్నమెంటు స్కూలు కదండీ" అంది. అంతే. ఆ ఒక్క ముక్కతో నా సర్వీసంతా చెత్తబుట్టలోకి పోయింది. మా తమ్ముడు బల్ల కింద నా కాలు తొక్కి, "అప్పా, ఊరుకో" అన్నాడు.

అదే తరగతిలో ఒక సంగీతం వాళ్ళ పిల్ల ఉంది. తాతల నాటి నుంచీ గుళ్ళో పాడేవాళ్ళు, పదిమందికి పాఠం చెప్పేవాళ్ళు. ఆ పిల్ల అప్పుడే దుకాణాల మీద బోర్డులు చదివేస్తోందట. "వాళ్ళకి రక్తంలోనే ఉందండీ" అంది మేడమ్. రక్తంలో ఉందట, గాడిదగుడ్డు! మేం బయటికొచ్చేసరికి ఆ పిల్ల తల్లి గేటు దగ్గర కూతురి చెయ్యి పట్టుకుని ఏదో కథ చెప్తోంది. కథ ఆపలేక ఆటో పిలవడం కూడా మర్చిపోయింది. ఆవిడంటే నాకేమీ కోపం లేదు, మంచి మనిషి. ఆవిడ చేస్తున్నదీ, మా మరదలు గట్టు దగ్గర చేసిందీ ఒకటే పని. కాకపోతే ఆవిడని నోరు మూసుకోమని ఎవరూ అనలేదు.

మా మరదలికి కోపం రాలేదు. వచ్చినా బాగుండేది. డాక్టరు పథ్యం చెప్పినట్టు తీసుకుంది ఆ మాటని. మంగళవారం నాడు ఊరి అమ్మోరి దగ్గరికి వెళ్ళి మొక్కేసుకుంది.

మా వైపు మొక్కులు మీకు తెలిసినవే. ఒకరు జుట్టు ఇస్తామంటారు, ఒకరు కోడిని ఇస్తామంటారు. ఇంకొకరు ఇష్టమైనదేదో ఒకటి మానేస్తారు, మామిడిపండో, పాన్‌పరాగో. మా మరదలు తనకి అన్నిటికన్నా ఇష్టమైంది మానేసింది. పిల్ల స్టేజీ ఎక్కి తప్పు లేకుండా ఇంగ్లీషు చదివేవరకూ పిల్లతో ఒక్క మాట కూడా మాట్లాడనని, పిల్లకి వినపడేలా ఎవరితోనూ మాట్లాడనని మొక్కుకుంది.

ఆ తర్వాతి ఆదివారం వెళ్ళాను. గుమ్మంలో నన్ను ఎవరూ వెక్కిరించలేదు. ఇంట్లో ఎవరైనా పోయారేమో అనుకున్నాను. పిల్ల అరుగు మీద ఫోను చూస్తోంది, అందులో ఏవో బొమ్మలు ఇంగ్లీషులో గెంతుతున్నాయి. మా మరదలు నన్ను పశువులశాల వెనక్కి లాక్కెళ్ళి అప్పుడు నోరు తెరిచింది. "వదినా, మొక్కేసుకున్నాను. దానికి సదువొచ్చినాక మాటాడుకుంటాం కదా, ఎక్కడికి పోతాది?"

"ఒసే ఎర్రిమొహమా, కొండనాలుకకి మందేస్తే ఉన్న నాలుక ఊడిందట! నీ దగ్గర కాకపోతే ఇంకెవరి దగ్గర నేర్చుకుంటాదే అది?"

"మీరు సదువుకున్నోలు వదినా, మీరు ఏటి మాటాడినా సెల్లుతాది" అంది.

తమ్ముణ్ణి పట్టుకుని దులిపేశాను. వాడూ తగ్గలేదు. "అప్పా, నాను బ్యాంకుకి ఎల్లి 'ఇదేటండి' అంటే ఆ కుర్రోడు పక్కోడి మొగం సూసి నవ్వుతాడు. ధాన్యం అమ్మడానికి ఎల్లినా అంతే. టీవీలో మన మాట వచ్చిందంటే నవ్వించడానికే. నాను పడినాను, సాలు. నా గుంటని సూసి ఎవుడూ నవ్వకూడదు" అన్నాడు. చెప్తుంటే వాడి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నవ్వేవాళ్ళ నోరు మూయించాలిరా, మీ ఆవిడ నోరు కాదు అన్నాను. వాడు బండి తీసుకుని బయటికి పోయాడు.

ఊరు ఊరంతా మెచ్చుకుంది. తల్లంటే అలా ఉండాలన్నారు. పిల్ల మొదట్లో తల్లి కొంగు పట్టుకుని వదిలేది కాదట. "మాటాడవేటే? నాను ఏటి సేసినాను?" అని ఏడ్చేదట. మా మరదలు ముద్దులు పెట్టేది, సైగలు చేసేది, మరీ ఏడిస్తే ఫోను చేతిలో పెట్టి దొడ్లోకి పోయేది. ఏడుపు మెల్లగా తగ్గింది. అడగడం కూడా తగ్గింది. పిల్ల బుద్ధిమంతురాలైందని మా తమ్ముడు సంతోషపడ్డాడు.

సంక్రాంతి వెళ్ళాక ఒక సెలవు రోజున పిల్లని దగ్గర కూర్చోబెట్టుకుని దాని ఇంగ్లీషు పుస్తకం తెరిచాను. కోడిపెట్ట, పిల్లలు ఉన్న పాఠం. గుక్క తిప్పుకోకుండా చదివింది. ఉచ్చారణ నాకన్నా బాగుంది, అబద్ధం ఎందుకు చెప్పాలి. చదువుతుండగానే పేజీ తిప్పేశాను. పిల్ల ఆగలేదు. ఏనుగు బొమ్మ మీద వేలు పెట్టి కోడిపెట్ట పాఠమే చివరిదాకా అప్పజెప్పింది.

"ఆ కోడిపెట్ట ఏటి సేసిందమ్మా?" అని అడిగాను. నా మొహం చూసింది. "పోనీలే, అల్లదుగో మన పెరట్లో కోడి, అది ఏటి సేస్తన్నాదో సెప్పు" అన్నాను. కోడి మట్టి కెలుకుతోంది. పిల్ల కోడిని చూసింది, తల్లిని చూసింది, నన్ను చూసింది. ఏమీ చెప్పలేదు. కొంగని చూపించి తండ్రిని వెక్కిరించిన పిల్ల! వంటింటి గుమ్మంలో మా మరదలు చీపురు పట్టుకుని నిలబడి ఉంది. పెదాలు మాత్రం కదులుతున్నాయి. జవాబు అందిద్దామని ప్రాణం కొట్టుకుంటోంది, పాపం.

పిల్లకి చదువు రావడం లేదురా, ఉన్న మాట కూడా పోతోంది అని తమ్ముడికి చెప్పాను. "స్టేజీ మీద సూడప్పా, అప్పుడు సెప్పు" అన్నాడు.

చూశాను. వార్షికోత్సవం నాడు రంగు లైట్ల కింద మా మేనకోడలు ఆ కోడిపెట్ట పాఠం ఒక్క పొల్లు పోకుండా అప్పజెప్పింది. చేతిలో పుస్తకం కూడా పట్టించారు, చదువుతున్నట్టు. హాలంతా చప్పట్లు. మా తమ్ముడు చొక్కాతో కళ్ళు తుడుచుకున్నాడు. మొక్కు సంగతి వాడే గొప్పగా చెప్పాడు గావాల, మేడమ్ మైకు తీసుకుని మా మరదల్ని లేచి నిలబడమంది. బిడ్డ చదువు కోసం ఏడాదంతా మౌనం పట్టిన తల్లి అంది, మిగతా తల్లులంతా ఈవిణ్ణి చూసి నేర్చుకోవాలంది. మళ్ళీ చప్పట్లు. నా పక్కన కూర్చున్న ఒకావిడ ఇంకొకావిడతో, "మనమూ మొక్కుకుందామేటే?" అంటోంది. ఎవరిని తిట్టాలో తెలీక నా పళ్ళు నేనే నూరుకున్నాను. మా మరదలు మాత్రం దణ్ణం పెడుతూ నిలబడింది. మొక్కు తీరింది కదా, మొహం వెలిగిపోతోంది.

మంగళవారం అమ్మోరికి మొక్కు చెల్లించడానికి వెళ్ళాం. డప్పులు ముందు, మా మరదలు వెనక, నెత్తి మీద వేపమండలు వేసిన పసుపునీళ్ళ కుండ, మా వైపు ముర్రాట అంటాం. పిల్ల కొత్త గౌను వేసుకుని తండ్రి భుజం మీద ఉంది. "ముందు ఏటి సెప్తావే దానికి?" అని దారిలో మెల్లగా అడిగాను.

"గేదె ఈనింది కదా వదినా. దూడ మొగం మీద బొట్టంత తెల్లమచ్చ ఉన్నాది. దానికి పేరు పెట్టనేదు, దీని సేతే పెట్టిద్దామని ఉంచినాను. ముందు అది సెప్తాను. మరింక... ఓలమ్మో, ఎన్నున్నాయో!" అంది. పెళ్ళిచూపులకి వెళ్తున్న పిల్లలా సిగ్గుపడింది.

ముర్రాట దించింది. అమ్మోరికి చీర పెట్టి పసుపునీళ్ళు పోసింది. హారతి అయ్యింది. ఇంక మాటాడమ్మా అని ఊరి పెద్దమ్మ ఎవరో అంది. డప్పులు ఆపేశారు. మా తమ్ముడు పిల్లని కిందకి దించాడు. మా మరదలు నాలుగడుగుల దూరంలో పిల్లకి ఎదురుగా మట్టిలోనే చతికిలబడి రెండు చేతులూ చాచింది.

"నా తల్లీ, ఇలా రాయే. మన గేదె ఉన్నాది సూడు..."

పిల్ల పరిగెత్తుకుని వచ్చింది. వచ్చి రెండు చేతులతోనూ తల్లి నోరు గట్టిగా మూసేసింది. నా వైపు, తండ్రి వైపు, చుట్టూ ఉన్న జనం వైపు బెదురుగా చూసింది.

"వద్దమ్మా, మాటాడకు" అంది. "నువ్వు మాటాడితే నా ఇంగ్లీసు పోతాది."

మా తమ్ముడు నేల చూపులు చూస్తున్నాడు. పిల్ల చేతులు తియ్యలేదు. ఆ చేతుల మీంచి మా మరదలు కూతురి మొహం కాసేపు చూసింది. తర్వాత, సరే అన్నట్టు తల ఊపింది.