బతికినోడికి చావుడోలు

జంపక్క పేరెత్తితే నాకు ముందు గుర్తొచ్చేది ఆమె కోపమే. వాళ్లది పాల్వంచ దాటాక అడవిలో ఉన్న ఇప్పలగుంపు, పాతిక గడపల కోయగూడెం. నేను ఆ దారిలో ఆటో నడిపేవాణ్ని.

2001 వానాకాలంలో ఆమె భర్త పగిడయ్యను చేలో పాము కరిచింది. దగ్గరి దవాఖానాలో మందు లేదు. గుట్ట మీద అప్పటికే ఒక పరిశోధన కేంద్రం ఉండేది. అక్కడి పెద్దసారు చెంచురామయ్య జీపు పంపించాడు. మందొచ్చేదాకా పగిడయ్య కాలాన్ని ఆపి ఉంచుతామని, విషం వెంట్రుకవాసి కూడా ఎక్కదని చెప్పాడు.

ఆయన శాస్త్రం ఇదీ. పలుపుతాడు ఒక కొస గుంజకు కట్టి, రెండో కొస లయగా ఊపితే, తాడంతా ఎగిరిపడుతున్నా మధ్యలో ఒక చోటు కదలదు. పోయే అల, తిరిగొచ్చే అల అక్కడ సరికి సరి. అలాగే రెండు యంత్రాలు ఎదురెదురుగా అలలు పంపితే, అవి నిలిచిన చోట కాలమే కదలదట. పగిడయ్యను ఆ చోట నిలబెట్టారు. జంపక్క చంకలో పసిపిల్ల గుక్కపట్టి ఏడుస్తోంది. పగిడయ్య ఏదో చెప్పబోతూ, నోరు తెరిచినవాడు తెరిచినట్టే ఆగిపోయాడు.

మందు మర్నాడే వచ్చింది. మనిషి మాత్రం బయటికి రాలేదు. ఢిల్లీ నుంచి పెద్దలు చూడ్డానికొస్తున్నారు, కొన్నాళ్లు ఆగమన్నారు. వాళ్లు చూసిపోయాక ఇంకెవరో అన్నారు. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు. ఇక్కడ దేవుడూ పూజారీ ఆ చెంచురామయ్యే! పైగా చప్పుడుకు అలలు చెదురుతాయని గూడెంలో డోలు మోగించొద్దని బోర్డు పెట్టారు. గూడెం నోరు మూసుకుని, విత్తనాల ముందు చేసుకునే భూమి పండగను వాగవతలికి మార్చుకుంది. ఆ ఓర్పు చూస్తే నాకు ఒళ్లు మండేది.

అలా ఎనిమిదేళ్లు. జంపక్క తునికాకు కోసింది, ఇప్పపువ్వు ఏరింది, కూలికి పోయింది. మారుమనువు చేసుకోమందామంటే మొగుడున్నాడు. మొగుడున్నాడందామంటే ఇంట్లో లేడు. కూతురు భవాని కేంద్రానికి వెళ్లినప్పుడల్లా, తండ్రిని నిలబెట్టిన అద్దాల గది ముందు నిలబడి "అయ్యా" అని పిలిచేది. ఒకరోజు పిలవడం మానేసింది. ఆ రోజే జంపక్క డోలు కొట్టే బొజ్జయ్య ఇంటికి పోయింది.

"మామా, పగిడయ్యకు చావుడోలు కొట్టు."

"బతికినోడికి కొడితే వేల్పులు ఊకుంటరా కోడలా?"

"బతికినోడైతే ఇంటికెందుకు రాడు? సచ్చినోడైతే డోలెందుకు మోగదు? రెండిట్ల ఒకటి తేల్చుండ్రి. లేకుంటే నేనే కొడ్త!"

గూడెం పెద్దలు మధ్యాహ్నందాకా వాదించుకున్నారు. ఆఖరికి బొజ్జయ్యే లేచి డోలు మెడకు తగిలించుకున్నాడు. జంపక్క నా దగ్గరికొచ్చి, "కోటేషన్నా, ఆటో కేంద్రం గేటు కాడ పెట్టు. భద్రాచలం దవాఖానకు పోవాలె" అంది. చావుడోలు కొట్టిస్తూ దవాఖానాకు బండి మాట్లాడుకున్న మనిషిని నేను ఆమెనొక్కదాన్నే చూశాను.

బొజ్జయ్యతో పాటు గూడెం డోళ్లన్నీ కేంద్రం కంచె పక్కనే మోగాయి. చెంచురామయ్య చెప్పుల్లేకుండా పరుగెత్తుకొచ్చాడు.

"ఆపండి! ఎనిమిదేళ్ల పని బూడిదలో పోసిన పన్నీరవుతుంది!"

"మరి నా ఎనిమిదేండ్లు ఏడ పోసినవ్ సారూ?" అంటూ జంపక్క ఆయన్ని తోసుకుని లోపలికి పోయింది. వెనకే గూడెమంతా డోళ్లతో సహా చొరబడింది. అద్దాలు దడదడలాడాయి, యంత్రాల హోరు తప్పింది. పగిడయ్య జంపక్క మీద పడ్డాడు.

"పిల్ల ఏడుస్తాంది... ముందు పాలు తాపు పో" అన్నాడు. ఎనిమిదేళ్ల కింద మొదలుపెట్టిన మాట అది.

ఆటోను నేనెంత జోరుగా తోలానో నాకే తెలియదు. మందు ఎక్కించారు, మనిషి దక్కాడు. తేరుకున్న రోజు చెంచురామయ్య కూడా మంచం దగ్గరికొచ్చాడు. కాలం ఆగినప్పుడు ఎలా అనిపించిందో అడిగి రాసుకుంటాడట! సిగ్గుండాలి.

పగిడయ్య ఆయన్ని పట్టించుకోలేదు. జంపక్క చంక వైపు వెతుక్కున్నాడు. తర్వాత ఆమె కొంగు పట్టుకుని నిలబడ్డ భవానిని చూశాడు.

"ఈ పిల్ల ఎవరిది?"

భవాని తల్లి వెనక్కి నక్కింది. జంపక్క చెంచురామయ్య వైపు తిరిగింది.

"అడుగుతాండు గదా. చెప్పు సారూ, నువ్వే చెప్పు."