ఎఫెసులో రెండు మాటలు

నేను రిటైర్ కావడానికి ముందటి సంవత్సరం, సెప్టెంబరు నెలలో, విన్నిపెగ్‌లోని మా ట్రావెల్ ఏజెన్సీ నాకు టర్కీ టూర్ అప్పగించింది. రెండు వారాలు, పన్నెండుమంది ప్రయాణికులు. ఆదిమ క్రైస్తవ సంఘాలు వెలిసిన ఏడు ఊళ్ళు, పముక్కలేలోని తెల్లకొండ, ఆఖరున కప్పడోకియాలో బెలూన్ ప్రయాణం. ప్రయాణికులంతా కెనడాలో స్థిరపడ్డ తెలుగువాళ్ళు. ఎక్కువమంది విన్నిపెగ్, సస్కటూన్ తెలుగు ఫెలోషిప్‌లకు చెందిన కోస్తా క్రైస్తవులు. బెలూన్ కోసమే చేరిన ఒక హైదరాబాదు జంట మాత్రం కనాటా అనే ఊరి నుంచి వచ్చారు.

పన్నెండుమంది అనగానే, బయల్దేరే ముందు చర్చి బేస్‌మెంట్‌లో జరిగిన పరిచయ సమావేశంలో, ఎవరు ఏ శిష్యుడో వాళ్ళే సరదాగా పంచేసుకున్నారు. గురువును పట్టించినవాడి పేరు ఒక్కటి మాత్రం ఎవరూ ముట్టుకోలేదు. దాన్ని టూర్ మేనేజర్‌కు, అంటే నాకు, వదిలేశారు.

టూర్ మేనేజర్ అంటే ఏమిటో ఇక్కడ చెప్పాలి. చాలామంది గైడ్ అనుకుంటారు. గైడ్ వేరు. గైడ్ స్థానికుడు, చదువుకుని, పరీక్ష రాసి, ప్రభుత్వం ఇచ్చిన లైసెన్సు కార్డు మెడలో వేసుకుని చరిత్ర చెప్పే మనిషి. ఆ కార్డు లేనివాళ్ళు టర్కీలో ఏ శిథిలం ముందు నిలబడి నలుగురికి వివరించినా చట్టరీత్యా నేరం. అలాంటివాళ్ళను పట్టుకోవడానికి పెద్ద స్థలాల్లో తనిఖీ అధికారులు తిరుగుతుంటారు. మేనేజర్‌కు చరిత్రతో పని లేదు. హోటల్లో ఎవరు ఏ గదిలోనో చూసే రూమింగ్ లిస్టు, బస్సు ఎక్కగానే తలలు లెక్కపెట్టే హెడ్ కౌంట్, పోయిన సూట్‌కేసు, రాని నిద్ర, పట్టిన మోకాలు, ఇవీ నా శాఖలు. మా బృందంలో యాత్ర ఎంత ముఖ్యమో మాత్ర అంత ముఖ్యం. అన్నిటికన్నా పెద్ద శాఖ టాయిలెట్లు. ఏ పురాతన నగరంలో అవి ఎక్కడున్నాయో నాకు నిద్రలో లేపి అడిగినా తెలుసు. మా గైడ్ ఎలిఫ్ మార్గదర్శి అయితే నేను మరుగుదర్శిని.

ఎలిఫ్ ఇజ్మీరు అమ్మాయి. ముప్ఫై దాటి రెండు మూడేళ్ళుంటాయి. చక్కని ఇంగ్లీషు, అంతకన్నా చక్కని ఓపిక. ఏప్రిల్ నుంచి అక్టోబరు దాకా సీజన్లో సంపాదించినదే ఆమెకు ఏడాది పొడుగునా ఆధారం. ఆ సంగతి మొదటిరోజు భోజనాల దగ్గర మాటల్లో తెలిసింది.

ఇక శామ్యూల్ గారు. సస్కటూన్‌లో గోధుమల నాణ్యత పరీక్షించే ల్యాబులో ఉద్యోగం చేసి రిటైరయ్యారు. ఫెలోషిప్‌లో సంఘపెద్ద. మనవాళ్ళు నలుగురు ఎక్కడ చేరినా అందులో పెద్దాయన్ని లేపి “రెండు మాటలు చెప్పండి” అనడం మన ఆచారం కదా. ఆ పెద్దాయన “అబ్బే, నేనేం చెప్తాను” అనడం, నలుగురూ బలవంతం చెయ్యడం, ఆ తరవాత ఆయన్ని కూర్చోబెట్టడం ఎలాగో తెలియకపోవడం కూడా ఆచారంలో భాగమే. పరిచయ సమావేశంలో శామ్యూల్ గారి రెండు మాటలు అయ్యేసరికి కాఫీ చల్లారింది. బయట పార్కింగులో ఎవరి కారునో టో చేసి లాక్కుపోయారు.

టర్కీలోనూ అదే పద్ధతి నడిచింది. ప్రతి స్థలంలో ఎలిఫ్ తన వివరణ ముగించగానే ఎవరో ఒకరు “అంకుల్, రెండు మాటలు” అనేవారు. ఆయన ఒక పక్కకు వెళ్ళి చేతికర్ర ఆనించుకుని మొదలుపెట్టేవారు. అది ప్రార్థన కింద లెక్క కాబట్టి అభ్యంతరం ఉండదని ఎలిఫ్ చెప్పింది. మూడోరోజుకు ఆమె తెలుగులో నేర్చుకున్న మొదటి ముక్క అదే. “రెండు మాటలా?” అని నన్ను అడిగి, నేను తలూపితే వెళ్ళి నీడ చూసుకునేది.

టూర్ సాఫీగానే సాగుతోంది. పముక్కలేలో, ప్రపంచమంతా వచ్చి ముక్కున వేలేసుకునే ఆ తెల్లకొండ ముందు, బ్రాండన్ నుంచి వచ్చిన ఒకాయన నడుం మీద చేతులు పెట్టుకుని చాలాసేపు చూశాడు. “ఇంత ఖర్చు పెట్టుకుని మళ్ళీ మంచు చూడ్డానికా వచ్చాం? మా డ్రైవ్‌వేలో ఆరు నెలలూ ఇదే” అన్నాడు. అది సున్నపురాయి అని ఎలిఫ్ చెప్పింది. పారతో ఎత్తక్కర్లేదని తెలిశాక ఆయనకు దాని మీద గౌరవం పెరిగింది. కనాటా కిరణ్ గారి ప్రశ్న మాత్రం రోజూ ఒకటే. “మేడమ్, ఇంకెన్ని చర్చిలు మిగిలినయ్?”

ఆఖరి చర్చి ఎఫెసు.

ఎఫెసును పై గేటు నుంచి కింది గేటుకు దిగుతూ చూడాలి. పాలరాతి వీధి అది. వేల ఏళ్ళుగా జనం నడిచి నునుపు చేశారు. “మా మానిటోబాలో అయితే జారకుండా ఈపాటికి ఉప్పు చల్లేవాళ్ళు” అనుకుంటూ మావాళ్ళు ఒకరి భుజాలు ఒకరు పట్టుకుని దిగారు. శిథిలాలు చూడవచ్చినవాళ్ళలో, నాతో సహా, చాలామంది మోకాళ్ళు అదే స్థితిలో ఉన్నాయి. దారిలో రోమన్ల కాలం నాటి సామూహిక మరుగుదొడ్డి ఉంది. రాతి బల్లకు వరుసగా కన్నాలు. “మేడమ్, మీ సబ్జెక్ట్ వచ్చింది” అన్నాడు కిరణ్. నా వృత్తికి ఇంతటి ప్రాచీనత ఉందని ఆరోజే తెలిసింది.

కింద, చుట్టూ రాతిమెట్ల వరుసలున్న పెద్ద రంగస్థలం దగ్గరికి వచ్చేసరికి, దగ్గరి రేవులో ఓడలు దిగి వచ్చిన జనంతో ఆ చోటు సంతలా ఉంది. అలాంటి రద్దీలో వాడటానికి మాకు విస్పర్ సెట్లు ఉంటాయి. గైడ్ కాలర్‌కు చిన్న మైకు, ప్రయాణికుల మెడలో రిసీవరు, చెవిలో ఇయర్‌పీసు. గైడ్ గుసగుసలాడినా అందరికీ వినపడుతుంది. రిసీవర్ ఆన్‌లో ఉంటే పచ్చదీపం వెలుగుతుంది.

ఎలిఫ్ రంగస్థలం చరిత్ర చెప్పడం పూర్తి చేసింది. మామూలుగానే “రెండు మాటలు” అన్నారు. శామ్యూల్ గారు మామూలుగానే అబ్బే అన్నారు, మొదలుపెట్టారు. రెండు మెట్ల పైన కూర్చున్న ఆయన భార్య కరుణమ్మ గారు, “ఏవండీ, మీ మాట ఇక్కడిదాకా రావట్లేదు” అని కేక వేశారు. ఎలిఫ్ మర్యాద తెలిసిన పిల్ల. తన మైకు తీసి ఆయన కాలర్‌కు తగిలించింది. అంతలో బస్సు కింది గేటు దగ్గరికి రాలేకపోతోందని డ్రైవర్ ఫోన్ చేశాడు. అతనికి టర్కిష్ తప్ప రాదు, నాకు టర్కిష్ తప్ప వచ్చినవి కూడా అంతంతమాత్రం. కాబట్టి ఆమే వెళ్ళింది.

అటు ఆమె వెళ్ళింది, ఇటు తనిఖీ అధికారి వచ్చాడు.

ఆయన వైపు నుంచి చూస్తే దృశ్యం ఇది. మెడలో లైసెన్సు లేని ఒక పెద్దమనిషి కాలర్‌కు మైకు పెట్టుకుని, కర్ర ఎత్తి రంగస్థలం పై వరుసలు చూపిస్తూ, తెలియని భాషలో గంభీరంగా వివరిస్తున్నాడు. ఎదురుగా చెవుల్లో ఇయర్‌పీసులతో పన్నెండుమందికి కాస్త తక్కువ జనం తలలూపుతున్నారు. నేను ఆ ఉద్యోగంలో ఉన్నా అదే అనుకునేదాన్ని.

అధికారి కార్డు చూపించమన్నాడు. శామ్యూల్ గారు సంతోషంగా మెడలో ఉన్నది తీసి చూపించారు. కిందటి వేసవి ఫెలోషిప్ రిట్రీట్‌లో ఇచ్చిన ప్లాస్టిక్ పౌచ్ అది. పారెయ్యడం ఎందుకని కరుణమ్మ గారు అందులో ఆయన హోటల్ గది కార్డు, బీపీ మాత్రలు పెట్టి మెడలో వేశారు. దాని మీద పెద్ద ఇంగ్లీషు అక్షరాల్లో గెస్ట్ స్పీకర్ అని ఉంది.

అధికారి దాన్ని రెండుసార్లు చదివి, ఈ బృందానికి అసలు గైడ్ ఎవరని అడిగాడు.

ఎలిఫ్ పరుగున వచ్చింది. టర్కిష్‌లో ఇద్దరూ మాట్లాడుకున్నారు. భాష రాకపోయినా, ఆమె తన లైసెన్సు కార్డును చేత్తో కప్పుకోవడం చూసి విషయం నాకు అర్థమైంది. నన్ను పక్కకు పిలిచి చెప్పింది. లైసెన్సు లేని మనిషికి తన మైకు ఇచ్చి గైడింగ్ చేయించినట్టు రిపోర్టు రాస్తారట. రాస్తే విచారణ, కార్డు సస్పెన్షను. “సీజన్ పోతుంది సుగుణా” అంది. ఆ మాటకు అర్థం నాకు మొదటిరోజే తెలుసు.

నా హోదాకు తగిన గంభీరతతో ముందుకు వెళ్ళాను. ఆయన గైడ్ కాదు, ప్రార్థన చేస్తున్నారని చెప్పాను. కర్ర చూపిస్తూ ప్రార్థన ఏమిటని అధికారి అడిగాడు. సరే, ఆయన ఏం చెప్పాడో ఇంగ్లీషులో చెప్పమన్నాడు.

చెప్పాను. సస్కటూన్ ఫెలోషిప్‌లో ఇంటికో వంటకం తెచ్చుకునే క్రిస్మస్ పాట్‌లక్‌కు బిర్యానీ విజయవాడవాళ్ళు తేవాలా హైదరాబాదువాళ్ళు తేవాలా అన్న దగ్గర సంఘం రెండు ముక్కలు అయ్యే పరిస్థితి వచ్చిందనీ, ఐక్యత ముఖ్యమనీ శామ్యూల్ గారు చెప్తున్నారు. కర్ర ఎత్తి చూపించింది పురాతన కట్టడాన్ని కాదు, వెనక వరుసను. మనవాళ్ళయితే ఇక్కడ కూడా అక్కడే కూర్చుని, ముగింపు ప్రార్థనకు ముందే భోజనాల లైన్లోకి జారుకునేవాళ్ళని ఆయన భావం.

అధికారి నన్ను జాలిగా చూశాడు. ఇంత అబద్ధం ఎవరూ అల్లలేరని నేననుకుంటుంటే, ఇంత చేతకాని అబద్ధం ఎవరూ అల్లరని ఆయన అనుకుంటున్నట్టు ఉంది. నేను ఏజెన్సీ మనిషిని, నా మాట సాక్ష్యం కాదన్నాడు. మెట్ల మీద కూర్చున్న కరుణమ్మ గారి దగ్గరికి తనే వెళ్ళి, ఆ సంత గోలలో గొంతు పెంచి ఇంగ్లీషులో అడిగాడు, ఈయన మీకు ఏం చెప్పారమ్మా అని.

ఒక యూనిఫామ్ మనిషి వచ్చి తన భర్త ప్రసంగం గురించి అడగడం కరుణమ్మ గారి జీవితంలో అదే మొదటిసారి అయ్యుంటుంది. ఆమె లేచి నిలబడి, చీర కొంగు సర్దుకుని, మా వారు ఈ స్థలం గురించి చాలా అద్భుతంగా వివరించారు, ఆ గైడ్ అమ్మాయికన్నా బాగా చెప్పారు అంది. అధికారి పెన్ను తీశాడు.

ఎలిఫ్ మెట్టు మీద కూర్చుండిపోయింది.

అప్పుడు శామ్యూల్ గారు కర్ర చంకలో పెట్టుకుని అధికారి దగ్గరికి నడిచారు. “సార్, మా ఆవిడ అభిమానం కొద్దీ చెప్పింది. ఆవిడ మెడలో మిషన్ చూడండి” అన్నారు ఇంగ్లీషులో.

అధికారి చూశాడు. రిసీవర్‌లో పచ్చదీపం లేదు. శామ్యూల్ గారు తన చెవి పక్కన వేలు తిప్పి చూపించారు. కరుణమ్మ గారి హియరింగ్ ఎయిడ్ కూడా ఆఫ్‌లో ఉంది. వినపడట్లేదని మైకు పెట్టించి, పెట్టాక మనశ్శాంతిగా కూర్చుందావిడ.

“మిగిలినవి కూడా చూడండి సార్” అన్నారు శామ్యూల్ గారు.

అధికారి వరసగా చూసుకుంటూ వెళ్ళాడు. అన్నీ ఆఫ్. ఎలిఫ్ చెప్పడం అవ్వగానే బ్యాటరీ మిగల్చడానికి ఎవరికి వాళ్ళు నొక్కేశారు. మనవాళ్ళు పొదుపు మర్చిపోరు. బ్రాండన్ ఆయన నిద్రలో తలూపుతున్నాడు. కిరణ్ చెవిలో ఉన్నది అతని సొంత ఇయర్‌ఫోను. ఏం విన్నావని అడిగితే, “సారీ, ఆఫీస్ కాల్‌లో ఉన్న” అన్నాడు. అతని భార్య రీల్ తీసుకుంటోంది. అందులో శామ్యూల్ గారి మోచేయి మాత్రం వచ్చింది.

వెలుగుతున్నది నాది ఒక్కటే. మీరెందుకు విన్నారని అధికారి అడిగాడు. “నాకు దానికి జీతం ఇస్తారండీ” అన్నాను.

గైడింగ్ అనాలంటే మాట్లాడేవాడితో పాటు వినేవాడు కూడా ఉండాలి కాబోలు. అధికారి పెన్ను జేబులో పెట్టుకున్నాడు. మైకు ఇకముందు నీ కాలర్ దాటకూడదని ఎలిఫ్‌ను హెచ్చరించాడు. వెళ్ళబోతూ ఆగి, బిర్యానీ చివరికి ఎవరు తెచ్చారని నన్ను అడిగాడు. ఇంకా తేలలేదని చెప్పాను. తమ అపార్ట్‌మెంట్ సంఘంలో పార్కింగు గొడవ కూడా అంతేనన్నాడు.

కరుణమ్మ గారు మెట్లు దిగి వచ్చి, ఏం జరిగిందో తెలుసుకుని, భర్త వైపు చూడలేక నా వైపు చూశారు. “ఆయనకి తెలుసా అమ్మాయ్, నేను ఆపేస్తానని?” అన్నారు. అప్పటికి నాకు అరవై ఒకటి. ఆమెకు మాత్రం అమ్మాయినే.

బస్సు దగ్గరికి నడుస్తున్నప్పుడు అదే ప్రశ్న నేను శామ్యూల్ గారిని అడిగాను. దీపాలు ఆరిపోవడం ఎప్పుడు గమనించారని. మొదలుపెట్టగానే కనిపిస్తాయి కదమ్మా, పొద్దు వాలినప్పుడైతే మరీ బాగా కనిపిస్తాయి అన్నారు. సంఘంలో దీపాలు లేకపోయినా ముఖాలు ఉంటాయి, అవీ అలాగే ఆరుతాయి అన్నారు. మరి ఎందుకు చెప్తారు అన్నాను.

“వినేవాళ్ళుంటేనే మాట్లాడాలని రూలు పెడితే మన సంఘాలు సగం మూతబడతాయమ్మా. వాళ్ళు అడక్కుండా ఉండలేరు, నేను చెప్పకుండా ఉండలేను. ఎవరికీ నష్టం లేదు. ఇవాళ ఆ పిల్లకి నష్టం వచ్చేలా ఉంది, అందుకని చెప్పాను” అన్నారు.

ఎలిఫ్ ఆ సీజన్ పూర్తి చేసింది. మా ఏజెన్సీ తరవాతి రెండు బృందాలను కూడా ఆమే నడిపింది. మైకు గైడ్ కాలర్ దాటరాదన్న నియమాన్ని మా మేనేజర్ల సూచనల్లో చేర్పించి నేను రిటైరయ్యాను. ప్రయాణికుల మెడలో పౌచ్ మీద ఏం రాసి ఉందో ఎయిర్‌పోర్టులోనే చదవాలన్నది కూడా నేను చేర్చిందే. ఇక ఈ వృత్తిలోకి కొత్తగా వచ్చేవాళ్ళకు నేను చెప్పగలిగింది ఒక్కటుంది. బృందంలో ఎవరు మాట్లాడుతున్నారో చూడటం అధికారి పని. ఎవరు వింటున్నారో చూడటం మేనేజర్ పని. ఎవరూ వినడం లేదని తేలితే కంగారు పడనక్కర్లేదు. హెడ్ కౌంట్ సరిపోతే చాలు, బస్సు కదలవచ్చు.