ఎండకు నిలవని ఎరుపు

మొన్న మా మనవరాలు ఫోను తెచ్చి నా కళ్ళ ముందు పెట్టింది. ఆదివారం పొద్దున్నే జంషెడ్‌పూర్‌లోని పాత చోట్లన్నీ నడిపించి చూపిస్తారట, ఒక్కో చోట అరగంట కూర్చోబెట్టి నీటిరంగులతో బొమ్మ వేయడం నేర్పుతారట, కాగితమూ కుంచెలూ వాళ్ళవేనట, చివర్లో టిఫిను కూడా ఉందట. టెల్కో కాలనీలో పుట్టి పెరిగిన పిల్ల, మేము తెలుగులో ఏమడిగినా హిందీలోనే జవాబిస్తుంది. "ఆప్ భీ చలియే నా అమ్మమ్మా, మజా ఆయేగా" అంటూ నన్నూ రమ్మంది. ఇలాంటి సరదాలు మీ రోజుల్లో ఎక్కడివిలే అన్న జాలి కూడా ఆ ముఖంలో కనిపించింది. మోకాళ్ళ నొప్పులని చెప్పి తప్పించుకున్నాను. నడకా నీటిరంగులూ అన్న రెండు మాటలు కలిసి వినబడితే నాలో నలభై ఏళ్ళు దాటిన కోపం ఒకటి లేచి కూర్చుంటుందని, ఎన్ని ఉపవాసాలున్నా అది నన్ను వదల్లేదని ఆ పిల్లకు ఏమని చెప్పను? నా ఈడువాళ్ళు మీరు, మీకైతే చెప్పుకోవచ్చు.

డెబ్బైల చివర్లో మా తెలుగు క్రైస్తవ సంఘానికి స్వర్ణోత్సవం వచ్చింది. సంఘమంటే ఏ పెద్ద దేవాలయమో అనుకోకండి, టాటానగర్ స్టేషను అవతల పెంకులు కప్పిన పొడవాటి షెడ్డు, బల్లలు చాలక వెనక సగం మంది చాపల మీద కూర్చునేవాళ్ళం. శ్రీకాకుళం వైపు నుంచి కూలికి వచ్చిన మా తాతల తరం ఎక్కడ దిగారో, ఎక్కడ వండుకున్నారో, మొదటి ప్రార్థన ఎక్కడ చేసుకున్నారో ఆ చోట్లన్నీ యువజనులం నడిచి చూసి, ఒక్కో చోటికి ఒక్కో బొమ్మ చొప్పున పన్నెండు బొమ్మలు వేసి మందిరం గోడకు కట్టాలన్నది సంఘ పెద్దగారి ఆలోచన. ఆయన కార్ఖానాలో డ్రాయింగు ఆఫీసులో పనిచేసేవారు. మేమంతా మేస్టారనేవాళ్ళం.

ఆయన మీద నాకెంత పగ ఉన్నా ఒక్క మాట ఒప్పుకోవాలి, ఆయన చెయ్యి దేవుడిచ్చిన చెయ్యి. ఆరాధన అయ్యాక ఎనిమిది మందిమి ఆయన వెనక బయలుదేరేవాళ్ళం. జుగ్సలాయి సందులూ, బిష్టుపూర్ బజారూ, సాక్చి వెనక పాత బావీ, ఖర్కాయి ఒడ్డునున్న చాకిరేవూ, అన్నీ నడిచే చూశాం. ఎక్కడ ఆగితే అక్కడ గట్టు మీద కూర్చోబెట్టి, కాగితం ముందు తడపాలని, ఆకాశం ముందు వెయ్యాలని, వెలుగును రంగుతో వెయ్యలేమనీ అక్కడ తెల్ల కాగితాన్ని అలా వదిలెయ్యాలనీ చెప్పేవారు. ఏ రంగు ఎండకు నిలుస్తుందో, ఏది నిలవదో ఆయనకు తెలిసినంత ఎవరికీ తెలియదు. గేరు అనే ఎర్రమట్టి, దీపపు మసి తరతరాలు నిలుస్తాయనీ, పసుపూ సిరాలూ వెలుతురు తగిలే గోడకు పనికిరావనీ మాకు నేర్పింది ఆయనే. అప్పటికి నాకు ఇరవై ఏళ్ళు. నా కుంచె చూసి ఒకసారి "నీ చేతిలో ఇసయం ఉందమ్మా" అన్నారు. ఆ మాట వారం రోజులు పండగలా మోసుకు తిరిగాను.

ఇక మా మామ్మ సంగతి. స్టేషను ప్లాట్‌ఫారాలు ఊడ్చే పని ఆమెది. పట్టాలు దాటాక ఊడ్చేవాళ్ళ కోసం వేసిన లైను ఇళ్ళలో చివరి ఇల్లు, ఒకటే గది, ముందు చిన్న వసారా. సంఘానికి షెడ్డు లేని రోజుల్లో, పాదిరిగారు ఇంకా ఈ ఊరు రాని రోజుల్లో, ఆ వసారాలోనే ఐదుగురు కూర్చుని మొదటి ప్రార్థన చేసుకున్నారు. ఇది మా సంఘంలో ముసలివాళ్ళందరికీ తెలిసిన సంగతే. మామ్మ దాన్ని గొప్పగా ఎప్పుడూ చెప్పుకోలేదు. కానీ పన్నెండు బొమ్మల్లో మొదటిది మొదటి ప్రార్థన జరిగిన ఇల్లేనని నేను చెప్పినప్పుడు ఆమె చేతిలో చాట అలాగే ఆగిపోయింది. "మా గుమ్మంకాడికి సంగమొత్తాదేటే?" అని మళ్ళీ మళ్ళీ అడిగింది. వస్తారన్నాను. మేస్టారిని అడగకుండానే అన్నాను, అడగవలసిన సంగతని తోచనే లేదు.

ఆ వారమంతా మామ్మ నిద్రపోలేదు. గోడలకు సున్నం కొట్టింది, టీ కొట్టువాణ్ణి బతిమాలి రెండు బెంచీలు తెచ్చింది, జంతికలు చేసింది. బొమ్మలేసేవాళ్ళకు నీళ్ళు కావాలని నేనన్న మాట పట్టుకుని, ఇరుగుపొరుగు ఇళ్ళలో అడిగి తొమ్మిది గాజు గ్లాసులు తెచ్చి, మాకు ఎనిమిదీ మేస్టారికి ఒకటీ లెక్కన, వసారా అంచున వరసగా పెట్టి నింపింది.

ఆ ఆదివారం మేస్టారు ముందు నడుస్తున్నారు. పట్టాలు దాటాం. లైను మొదట్లో, మామ్మ ఇంటికి యాభై అడుగుల దూరంలో ఆయన కుడివైపు తిరిగారు. నేను ఆగిపోవడం చూసి వెనక్కి చూడకుండానే "అటేటుందమ్మా, బురద. ఇటు రండి" అన్నారు. వానలు పడి నెల దాటింది, ఆ నేల మీద ధూళి తప్ప ఏమీ లేదు. సందు చివర వసారాలో మామ్మ నిలబడి ఉంది. మమ్మల్ని చూసి చీర కొంగు భుజం నిండా కప్పుకుంది, నడుము నిటారుగా చేసుకుంది. మేము వెళ్ళిపోయాం. నేను కూడా వెళ్ళిపోయాను. ఆ ఒక్క నిమిషానికి నన్ను నేను క్షమించుకోలేదు కాబట్టే ఆయన్నీ క్షమించలేకపోయానేమో, దేవుడికి తెలియాలి.

మేస్టారు మమ్మల్ని తీసుకెళ్ళింది రైల్వే క్వార్టర్లకు. ఎర్ర ఇటుకలు, ఆకుపచ్చ తలుపు, ముందు పచ్చగడ్డి. ఇది మా నాయిన క్వార్టరు, మొదటి ప్రార్థన ఇక్కడే జరిగింది, అని ఆయన నిబ్బరంగా చెప్పారు. మాలో నాకు బావ వరసయ్యే కుర్రాడొకడు ఉండేవాడు, నా చెవిలో "మేస్టారి నాయిన కోటర్సుకి దండమెట్టి మరీ బొమ్మెయ్యాలేటే?" అన్నాడు. పక్కవాళ్ళు కిసుక్కుమన్నారు. మేస్టారు విననట్టు నా వైపు చూసి, ఈ బొమ్మ నువ్వెయ్యమ్మా, అన్నిటికన్నా ముందు కట్టేది ఇదే అన్నారు.

సాయంత్రం మామ్మ దగ్గరకు వెళ్ళాను. గ్లాసులు నింపినవి నింపినట్టే ఉన్నాయి, ఒకదానిలో చీమ పడి తేలుతోంది. "పోన్లేయే, దారి తప్పేరు గావాల" అంది మామ్మ. యాభై ఏళ్ళు స్టేషనుకు దారి చూపించిన మనిషి. ఒక్కో గ్లాసూ తీసి గుమ్మం పక్క మిరప మొక్కకు పోసింది. ఏడవలేదు. ఏడ్చి ఉంటే నా కోపం ఆ రాత్రికే కరిగిపోయేదేమో.

పగ తీర్చే పని మనది కాదనీ, పైనున్నవాడికి వదిలెయ్యాలనీ ఆదివారపు బడిలో నాకు నేర్పారు, చిన్న పిల్లలకు నేనూ నేర్పాను. ఆ వారం మాత్రం దేవుడికి వదిలెయ్యలేదు. బజారుకు వెళ్ళి ఎర్ర సిరా బిళ్ళలు అరడజను కొన్నాను, బడి పంతుళ్ళు నోటుపుస్తకాలు దిద్దడానికి వాడేవి. వాటిని నీళ్ళలో కరిగించి, చిటికెడు పసుపు కలిపి, తుమ్మ జిగురు వేశాను. అచ్చమైన ఇటుక రంగు వచ్చింది. దాంతో మేస్టారి నాయన క్వార్టరు వేశాను, ఇటుక ఇటుకా విడివిడిగా, ప్రేమగా వేసినంత శ్రద్ధగా. గడ్డికీ తలుపుకీ కూడా పసుపులో నీలం సిరా కలిపి వేశాను. రంగు పోయాక గీతైనా మిగలకూడదని పెన్సిలు గీత కూడా వేసుకోలేదు. కాగితం కుడి అంచున, దూరంగా, చిన్న పెంకుటింటి వసారా ఒకటి గేరు మట్టితోనూ దీపపు మసితోనూ వేశాను. మేస్టారు బొమ్మను చేతిలోకి తీసుకుని చాలాసేపు చూశారు. "ఆ మూలనున్నదేటమ్మా?" అన్నారు. అంచున ముదురు రంగు ఒకటి ఉంటే బొమ్మ నిలబడుతుందని మీరే చెప్పారుగా అన్నాను. ఆయన తలూపారు, నా తల నిమిరారు కూడా.

బొమ్మను తూర్పు కిటికీకి ఎదురు గోడకు కట్టారు. వానాకాలం రాకముందే మామ్మ పోయింది. సమాధి దగ్గర మేస్టారు చక్కగా ప్రార్థన చేశారు, నమ్మకమైన సహోదరి అన్నారు, ఆ వసారా ఊసు ఎత్తలేదు. ఆ రోజు నా లోపల మిగిలి ఉన్న చిన్న జంకు కూడా పోయింది.

ఆ తర్వాత ప్రతి ఆదివారం ప్రసంగం వింటూ గోడ వైపు చూసేదాన్ని. దసరా నాటికి ఇటుకలు గులాబీ రంగుకు తిరిగాయి. క్రిస్మసు నాటికి క్వార్టరు గోడ పాలిపోయి జబ్బు మనిషి ముఖంలా అయింది. నాకు ఎంత సంతోషంగా ఉండేదో చెబితే మీరు నన్ను అసహ్యించుకుంటారు. ఆ సంతోషానికి వెలా చెల్లించాను. మనసులో ఒకరి మీద పగ పెట్టుకుని ప్రభువు బల్ల దగ్గర రొట్టెకూ ద్రాక్షరసానికీ చెయ్యి చాచకూడదని నేను నమ్మినదాన్ని, ఇప్పటికీ నమ్ముతాను. అందుకని రొట్టె పళ్ళెం నా దగ్గరకు వచ్చినప్పుడల్లా తాకకుండా పక్కవాళ్ళకు అందించేదాన్ని. పాదిరిగారి భార్య రెండుసార్లు ఇంటికి వచ్చి అడిగింది. చెప్పలేదు.

రంగు చెమ్మకు పోయిందనుకుని మేస్టారే నన్ను మళ్ళీ దిద్దమన్నారు. దిద్దాను, అదే సిరాతో. అది మళ్ళీ పోయింది. మరుసటి ఏడు ఈస్టరుకు బొమ్మలో ఆకాశమూ నేలా మిగిలాయి, మధ్యలో పెద్ద తెల్ల ఖాళీ, కుడి అంచున గేరు రంగు వసారా ఒక్కటే నిన్న వేసినట్టుంది. కొత్తగా వచ్చినవాళ్ళు మొదటి ప్రార్థన జరిగిన ఇల్లు అదేననుకునేవాళ్ళు.

అప్పుడాయన మా ఇంటికి వచ్చారు. లోపలికి రమ్మంటే రాలేదు, గుమ్మంలోనే నిలబడ్డారు.

"ఏటేసేవమ్మా అందులో?"

"ఎర్ర సిరా బిళ్ళలు మేస్టారూ. మీరు వాడొద్దన్నవే."

ఆయన కోప్పడతారనుకున్నాను. అందుకు సిద్ధంగా మాటలు పోగుచేసుకుని ఉన్నాను. ఆయన చెప్పులకేసి చూస్తూ, "మా నాయినా ఆ లైన్లో ఊడ్సినోడే. మీ మామ్మకి రెండిళ్ళవతల. కోటర్సు తరవాతొచ్చింది. ఆవిడికి తెలుసు" అన్నారు.

మామ్మకు తెలుసు. ఆ ఒక్క మాట సంఘంలో అని ఉంటే ఆయన పెద్దరికం ఏమయ్యేదో తెలిసి కూడా, తొమ్మిది గ్లాసుల నీళ్ళు మిరప మొక్కకు పోసి ఊరుకుంది.

"అయితే వచ్చే ఆదివారం సంఘం ముందు చెప్పండి" అన్నాను. "మీ నాయన సంగతి అక్కర్లేదు, మా మామ్మ వసారా సంగతొక్కటే చెప్పండి. ఆ రోజే మీ పక్కన నిలబడి బల్ల తీసుకుంటాను."

"సెప్పలేనమ్మా" అని వెళ్ళిపోయారు. ఆదివారానికి గోడ మీద బొమ్మ లేదు.

తర్వాత ఆయన ఇరవై ఏళ్ళు బతికారు, మర్యాదగా బతికారు. పెంకుల షెడ్డు పడగొట్టి కాంక్రీటు మందిరం కట్టినప్పుడు వాకిట్లో చలవరాయి పెట్టించారు. తొలి ప్రార్థన తన తండ్రి క్వార్టరులో జరిగినట్టు అందులో చెక్కి ఉంది. కాగితం మీద గెలిచాను గానీ రాయి మీద ఓడిపోయాను. ఆయన భూస్థాపనకు వెళ్ళాను, పాటలు పాడాను, కన్నీరు మాత్రం రాలేదు. అప్పటి నుంచీ క్షమించడానికి మనిషి కూడా లేడు. ఇప్పటికీ పళ్ళెం వస్తే పక్కకు అందిస్తాను. క్షమించానని అబద్ధమాడి చెయ్యి చాచడం కంటే ఆకలితో ఉండడం మేలనిపిస్తుంది.

ఊడ్చేవాళ్ళ లైను ఉన్నచోట ఇప్పుడు స్కూటర్లు నిలుపుకుంటున్నారు. కాలం ఎంత తిరగబడిందంటే, ఈనాటి పిల్లలు పెచ్చులూడిన గోడలనూ, కూలీల ఇళ్ళనూ వెతుక్కుంటూ వెళ్ళి, డబ్బిచ్చి మరీ, ముచ్చటపడి బొమ్మలు వేసుకుంటున్నారు. మా కాలంలో అవే గోడల్ని చూడకుండా ఉండడానికి లేని బురదను సృష్టించుకున్నాం. ఆ పిల్లలు ఇవాళ ఆ లైనులోకి వెళ్ళాలనుకున్నా నడవడానికి లైను లేదు, గ్లాసు అందించడానికి మనిషి లేదు.

దేవుడు నన్ను ఎలా తీర్పు తీర్చినా సరే, ఇంత రాసీ మేస్టారి పేరు ఎక్కడా రాయలేదు, రాయను. మా మామ్మ పేరు అప్పలనరసమ్మ. బాప్తిస్మమప్పుడు పేరు మార్చుకోమంటే, మా అమ్మ పెట్టిన పేరు దేవుడికి మాత్రం పలకదేటి అందట. జంషెడ్‌పూర్‌లో మా తెలుగు సంఘపు మొదటి ప్రార్థన అప్పలనరసమ్మ ఇంట్లో జరిగింది.