చేటెడు తవుడుకు కొన్న గొంతు

పట్నంలో పుట్టిన ప్రముఖులంటూ అచ్చయిన కొత్త పుస్తకంలో మా మేనత్త కొడుకును చేర్చారు. అది తప్పు. వాడు పుట్టింది జనగామ దిక్కు గూడూరు దగ్గర మా ఊళ్లో, మా ఇంట్లో. కళ్లారా చూసినవాణ్ని నేను. పుస్తకం కాదంటే ఎట్లా ఊరుకుంటాను?

జనగామలో ఇప్పుడు నాతో ఉంటున్న మా అవ్వకు ఆ పేజీ చదివి వినిపించాను. నన్ను కన్నతల్లి; తొంభై దాటినా చెవులు పదును. అంతా విని, "నేను కొన్న పిలగాడు పట్నంల ఎట్ల పుట్టిండురా? మల్ల నేను కొన్నదెవన్ని?" అన్నది. ఆ పూట బువ్వ ముట్టలేదు.

కొన్న సంగతి చెప్పాలి. మేనత్తకు పుట్టిన బిడ్డలు దక్కేవారు కాదు. అందుకని ఆ కాన్పుకు పుట్టింటికి, అంటే మా ఇంటికి వచ్చింది. పిల్లవాడు పుట్టగానే చేటలో పడుకోబెట్టి పెరట్లో పెంటకుప్ప మీద పెట్టారు. పారేసిన బిడ్డ జోలికి చావు కూడా రాదని మావాళ్ల నమ్మకం. మా అవ్వ చేటెడు తవుడు పోసి వాణ్ని కొన్నది. ముక్కు కుట్టించి, "వీడు నావోడు, జర సాది పెట్టు వదినె" అని మేనత్త ఒళ్లో పెట్టింది. పేడ వాసన, తవుడు వాసన, వాటన్నిటి మీదుగా ఊరవతలికి వినబడే వాడి ఏడుపు. ఆ గొంతే తర్వాత సినిమాల్లో ఎందరో హీరోలకు మాటలు చెప్పింది, కోస్తా యాసలో, మన మాట ఒక్కటి దొర్లకుండా.

నేను బడి మొహం చూడలేదు. కిరాణా పొట్లాలు విప్పి ఆ కాగితాల మీద చదువు నేర్చుకున్నవాణ్ని. బస్సెక్కి పట్నం పోతే, పుస్తకం వేసినాయన నన్ను ఎగాదిగా చూసి, "పట్నంలో పుట్టానని ఆయనే చెప్పారు పెద్దాయనా. మీ దగ్గర ఆధారం ఏముంది?" అన్నాడు.

"ముక్కు చూడుండ్రి. తూటు ఉంటది."

ఫోటోలో ముక్కు నున్నగా ఉంది. మచ్చ అనుకొని అచ్చుకు ముందు తుడిచేశారట.

"మచ్చ కాదు సారూ. గది మా అవ్వ రసీదు" అని చెప్పి వచ్చేశాను.

వానలు పోయాయి, మార్కెట్‌కు పత్తి బండ్లు వచ్చాయి, జవాబు మాత్రం రాలేదు. కుట్టిన ముక్కుకు పుల్ల పెడుతూ ఉండాలి, లేకపోతే కాలం దాన్ని ఊరికే పూడ్చేస్తుంది. నేను ఊరుకోలేదు, పుస్తకం వేసినాయనకు ఫోన్లు చేస్తూనే ఉన్నాను. చివరికి మొన్న ఫోన్ మోగింది. మేనత్త కొడుకే. తెర మీద ఎన్నడూ వినని మా ఊరి మాటలో అన్నాడు:

"బావా, పట్నంల పుట్టిన్నని చెప్పింది నేనే. సినిమాలల్ల మన మాటను నవ్వులాటకే పెట్టుకున్న కాలమది. గూడూరోన్నంటే హీరోకు గొంతియ్యనిస్తుండెనా? ఇగ దిద్దమన్న. ఊరు రాయుండ్రి, తవుడు రాయుండ్రి, ముక్కుకు తూటు సుత పెట్టుండ్రి అన్న. జర అత్తకు ఫోనియ్యి. కొన్నామెకు నేనే చెప్పాలె."