రీఫండుకు అడ్డుపడ్డ మీ తాత పేరు

ఇప్పుడంటే ఫోన్ మీద నాలుగుసార్లు వేలు నొక్కితే ఇన్‌కమ్ ట్యాక్స్ రిటర్ను వెళ్లిపోతోంది. మా వయసులో అదే పని కోసం బస్సెక్కాలి, గుమ్మం దగ్గర నిలబడాలి, బల్ల వెనక కూర్చున్న మనిషి మొహం చూసి ఆ రోజు పనవుతుందో లేదో పోల్చుకోవాలి. మొన్న మా పెద్ద మనవరాలు పుణె నుంచి ఫోన్ చేసింది. "అమ్మమ్మా, మూడు నెలలైంది, నా రీఫండ్ ఇంకా రాలే. బ్యాంకుల ఒక పేరుందంట, పాన్ కార్డుల ఇంకో పేరుందంట. నేను ఒక్కదాన్నే గదనే, వాళ్లకు ఇద్దరెట్ల కనవడ్తున్న?" అని ఏడుపు గొంతుతో అడిగింది. నాకు జాలి వేయాల్సింది పోయి నవ్వొచ్చింది. పిల్ల అలిగి ఫోన్ పెట్టేసింది. ఆ నవ్వు దేనికో చెప్పకపోతే మళ్లీ మాట్లాడేట్టు లేదు కనుక, దానికీ మిగతా మీకందరికీ కలిపి ఇది రాస్తున్నాను. (తెలుగు చదవడం రానివాళ్లు మీ అమ్మల చేత చదివించుకోండి. అమ్మలు మధ్యలో దాటవేస్తే నాకు ఫోన్ చేయండి.)

అప్పుడు నాకు ఇరవై రెండేళ్లు. మహారాష్ట్రలో, చంద్రపూర్ జిల్లా భద్రావతి దగ్గర ఒక బొగ్గు గని ఆఫీసులో టైపిస్టుని. ఉద్యోగంలో చేరింది పెళ్లికి ముందు, అంటే మా నాన్న పేరుతో, పుట్టింటి ఇంటిపేరుతో. పెళ్లయ్యాక ఇక్కడి పద్ధతి ప్రకారం నా పేరు వెనక మీ తాత పేరు, దాని వెనక వాళ్ల ఇంటిపేరు వచ్చి చేరాయి. ఆ ఏడాది పాత జీతాల బకాయి అంతా ఒక్కసారే ఇచ్చారు. సంతోషపడేలోపే అందులోంచి పన్ను కింద పెద్ద ముక్క కోసుకున్నారు. "అంత కొయ్యద్దు బాయి, ఫారం పెట్టుకో, వాపస్ ఇస్తరు," అని మా హెడ్ క్లర్క్ చెప్పాడు. నేనే కూర్చుని ఫారం నింపి పంపాను. ఫారం మీద కొత్త పేరు రాశాను, దానికి జతచేసిన జీతం సర్టిఫికెట్ మీద పాత పేరుంది. ఆఫీసులో ఎవరి కాగితంలో చుక్క తప్పినా పట్టుకునే నేను, నా సొంత కాగితంలో ఇద్దరు ఆడవాళ్లనైపోయిన సంగతి చూసుకోలేదు.

ఆ డబ్బు మీద నాకెందుకంత ఆశ అంటే, సైకిల్ కోసం. క్వార్టర్ నుంచి ఆఫీసుకు బొగ్గు లారీల రోడ్డు మీద రోజూ నడక. తెల్ల చీరతో బయల్దేరితే బూడిదరంగు చీరతో చేరేదాన్ని. జీతం తెచ్చి మా అత్త చేతిలో పెట్టేదాన్ని. సైకిల్ మాటెత్తితే చాలు, "కోడలుపిల్ల సైకిల్ తొక్కుతదా? నలుగురు చూస్తే ఏమంటరు?" అనేది. ఒకరోజు నా పోరు పడలేక, "సరే తియ్, ఆ సర్కారోళ్లు పైసలు వాపస్ ఇస్తే సైకిలే కొనుక్కుంటవో, ఇమానమే కొనుక్కుంటవో నీ ఇష్టం," అనేసింది. సర్కారు తీసుకోవడమే తప్ప తిరిగివ్వడం ఆమె పుట్టి బుద్ధెరిగాక చూడలేదు. అందుకే అంత ధైర్యం. నేను ఆ మాటను కొంగున ముడేసుకున్నాను.

ఎనిమిది నెలల తర్వాత చంద్రపూర్ ఇన్‌కమ్ ట్యాక్స్ ఆఫీసు నుంచి ఉత్తరం వచ్చింది, డబ్బు రాలేదు. ఫారం పెట్టిన మనిషీ, జీతం తీసుకున్న మనిషీ ఒకరేనని రుజువు చూపించాలట. ఫలానా రోజు రాకపోతే ఫైలు మూసేస్తారట. రుజువంటే ఏముంది, పెళ్లికార్డు! రెండు ఇంటిపేర్లూ అందులోనే ఉన్నాయి. మీ తాతకు ఆ రోజు గనిలో డ్యూటీ. "గంత దూరం ఒక్కదాన్నే ఎట్ల పంపుత?" అని మా అత్త కొత్త చీర కట్టుకుని నా వెంట బస్సెక్కింది. (తోడుకని అంది గానీ, సర్కారు ఇవ్వనంటుంటే కళ్లారా చూడాలని ఆమె ఆశ.)

అక్కడి ఆఫీసరు కళ్లద్దాల సాహెబ్. కార్డు తీసుకుని ఇటు తిప్పాడు, అటు తిప్పాడు. "ఇదేం భాష బాయి, కన్నడమా?" అన్నాడు మరాఠీలో.

"తెలుగు, సాహెబ్."

"నాకు రాదు. నువ్వే పైకి చదువు. ఫారంతో కలుస్తుందో లేదో నేను చూసుకుంటా."

చదవడానికేం, మా నాన్న పేరు, అమ్మ పేరు, నా పేరు, ఇంటిపేరుతో సహా గంట కొట్టినట్టు చదివాను. ఆ తర్వాతి వరసలో పెళ్లికొడుకు పేరుంది. అక్కడ నా నోరు మూతపడింది.

మీకు నవ్వులాటగా ఉంటుంది గానీ, మా ఇళ్లల్లో అప్పుడు భర్త పేరు నోటితో అనకూడదు, అంటే ఆయుష్షు తగ్గుతుందని గట్టి నమ్మకం. రాస్తే ఫరవాలేదు, అనకూడదంతే. పెళ్లినాడు గడప దగ్గర ఆడబిడ్డలు బలవంతాన ఒక్కసారి చెప్పించారు, అదీ గుసగుసగా. ఆ మీదట అంతా "ఇగో", "ఇంటున్నవా" తోనే కాపురం.

"చదవవేం?"

"మీ ఫారంలో ఉన్న పేరే, సాహెబ్."

"ఫారంలో ఏముందో నాకు తెలుసు. కార్డులో ఏముందో చెప్పు."

నేను నేల చూపులు చూస్తున్నాను. ఆయన విసుగ్గా మా అత్త వైపు తిరిగాడు. "ఈమె ఎవరు? అత్తగారా? మంచిదే. కొడుకు పేరు తల్లి చెప్తుంది. చెప్పమ్మా."

మా అత్త గబుక్కున కొంగు నెత్తి మీదికి లాక్కుంది. ఎందుకంటే మీ తాతకు పెట్టింది వాళ్ల తాత పేరు, అంటే మా అత్తకు మామగారి పేరు! కోడలు మామ పేరు పలకడమా? కడుపున పుట్టిన కొడుకును ఆమె ఒక్కనాడూ పేరు పెట్టి పిలవలేదు.

"మా పెద్దోడు, సాబ్," అంది.

"పెద్దోడి పేరేంటి?"

"పెద్దోడే."

సాహెబ్ కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టాడు. "భార్యకు తెలీదు, తల్లికి తెలీదు! అసలా మనిషి ఉన్నాడా లేడా?"

మా అత్తకు ఎక్కడలేని కోపం వచ్చింది. "లేకపోవుడేంది? పొద్దుగాల నాలుగు జొన్నరొట్టెలు తిని డ్యూటీకి పోయిండు! నా చేతుల్తోని చేసి పెట్టిన!"

"రొట్టెల సంగతి ఫారంలో లేదమ్మా," అంటూ ఆయన ఫైలుకు నాడా చుట్టడం మొదలుపెట్టాడు. ఒక్కో చుట్టుకూ నా సైకిల్ ఒక్కో ఊరు దూరం వెళ్లిపోతున్నట్టుంది. కళ్లల్లో నీళ్లు తిరిగాయి. అప్పుడు పక్క బల్ల నుంచి ఒకామె పకపకా నవ్వింది. జడనిండా మల్లెపూలు పెట్టుకున్న మరాఠీ క్లర్కు బాయి. "సాహెబ్, ఆగండి. వీళ్లు పేరు తెలీక కాదు, నోటితో అనలేక. అమ్మాయీ, మా దగ్గర ఉఖాణా అంటాం. రెండు వరసల పాట కట్టి అందులో పేరు చెప్పేస్తాం. పాటలో చెప్తే దోషం లేదు."

నేను మా అత్త మొహం చూశాను. ఆమె కాసేపు లెక్కలు వేసుకుంది. "పాటల అంటే పాపం లేదా? అయితే అను. నేను చెవులు మూసుకుంట," అని నిజంగానే రెండు చేతులూ చెవుల మీద పెట్టుకుంది. ఆఫీసంతా పని ఆపి నా వైపే చూస్తోంది. బల్ల మీద చూపు పడింది, పాట దానంతటదే వచ్చింది. మరాఠీలో అన్నదాన్ని మీకోసం తెలుగులో పెడుతున్నాను:

బల్ల మీద ఫైలు, ఫైలు మీద దుమ్ము,
……… పెండ్లాన్ని నేనే, ఇప్పియ్యుండ్రి నా సొమ్ము!

(ఆ చుక్కల చోట పేరుంది. రాస్తే దోషం లేదు గానీ, నేను రాసిందల్లా పైకి చదువుకునే మనిషిని. మీ తాత పక్క గదిలో పేపరు చదువుకుంటున్నాడు. ఇన్నేళ్లు కాపాడుకొచ్చిన మనిషిని ఇప్పుడు కథ కోసం పోగొట్టుకోను.)

ముందు మల్లెపూల బాయి చప్పట్లు కొట్టింది, వెనక గదిలోంచి ఇంకెవరో కొట్టారు. సాహెబ్ నవ్వు ఆపుకోలేక దగ్గు తెచ్చుకున్నాడు. ఫారంలో పేరు చూసుకుని, నాడా విప్పి, ముందు ఫైలు మీద దుమ్ము తన చేత్తోనే దులిపాడు, తర్వాత టపీమని స్టాంపు కొట్టాడు. మా అత్త చెవుల మీద చేతులు తీయకుండానే, "అయ్యిందా? అన్నదా?" అని అందర్నీ అడుగుతోంది.

నెలన్నరకు రిజిస్టర్ పోస్టులో రీఫండు కాగితం వచ్చింది. మా అత్త దాన్ని వెలుతురుకు పెట్టి చూసి, "ఇచ్చిండ్రే!" అంది, ఓడిపోయినట్టు. కానీ మాట తప్పే మనిషి కాదు. చంద్రపూర్‌లో సైకిల్ కొని బస్సు టాపు మీద వేసుకుని తెచ్చుకున్నాం. దించుకున్నాక గాని నేను అసలు సంగతి బయట పెట్టలేదు. నాకు తొక్కడం రాదు.

"ఓసి నీ పాడుగాను! ఏడాది సంది దీని కోసమేనా నా పానం తిన్నవ్?" అని తిట్టి, తనే క్యారియర్ పట్టుకుని వెంట పరిగెత్తింది. మూడోనాడు క్వార్టర్ల వెనక వాలులో ఆమె చేయి జారింది. నేను ఆగడం లేదు. ఎదురుగా షిఫ్టు దిగి టిఫిన్ డబ్బాతో మీ తాత వస్తున్నాడు. వెనక నుంచి మా అత్త, తన మామగారి పేరునే, ఇంటిపేరుతో సహా, కాలనీ మొత్తం దద్దరిల్లేలా అరిచింది, "పక్కకు దుంకురా!" అని. మీ తాత దుంకలేదు. వాళ్లమ్మ నోట తన పేరు పుట్టాక మొదటిసారి విని, ఆ ఆశ్చర్యంలో అక్కడే నిలబడిపోయాడు. నేను వెళ్లి సరిగ్గా గుద్దాను. ఆయుష్షుకేం కాలేదు, డబ్బా మూత సొట్టపోయిందంతే. వారం తిరక్కముందే లారీల పక్కనుంచి గంట కొట్టుకుంటూ ఆఫీసుకు వెళ్లాను. ఆ పొద్దు తెల్ల చీర తెల్లగానే చేరింది.

కాబట్టి, తల్లీ, అలగకుండా బ్యాంకుకు వెళ్లి పేరు సరి చేయించుకో. ఇద్దరు కలిసి ఒక్కరైతే నీ డబ్బు నీకొస్తుంది. నేనూ పెన్షన్ పనికి అప్పుడప్పుడు బ్యాంకుకు వెళ్తుంటాను. భర్త పేరు అడిగితే రాసిన చీటీ అందిస్తాను. కౌంటర్ అవతల కొత్తగా చేరిన మరాఠీ పిల్ల ఉంటే మాత్రం, చీటీ సంచిలోనే ఉంచుకుని కావాలనే కాసేపు నీళ్లు నములుతాను, ఉఖాణా అడుగుతుందేమోనని. రెండు వరసలు సిద్ధంగానే పెట్టుకుంటాను. ఆ పిల్ల పాపం కంప్యూటర్లో చూసుకుని, సొంత అమ్మమ్మతో అన్నట్టు, "దొరికింది ఆజీ, మీరు కూర్చోండి," అంటుంది.